చార్ల్‌వుడ్ చెక్క చాపెల్: పై అధికారం వద్దనుకున్న సంఘం ఆస్తి ఎవరిది?

ఇంగ్లండ్‌లో సర్రే జిల్లా చార్ల్‌వుడ్ గ్రామం శివారున ప్రావిడెన్స్ చాపెల్ అని ఒక చెక్క మందిరం ఉంది. గోడలకు ఒకదానిపై ఒకటి ఎక్కేలా కొట్టిన పలకలు, ముందు వరండా. శిఖరం లేదు, గంట లేదు. చర్చి అని కట్టింది కాదు మరి. ఫ్రాన్స్‌తో యుద్ధం సాగుతున్న 1790లలో హోర్షమ్‌లో వేసిన సైనిక బ్యారక్‌లలో ఇదొక భాగం. యుద్ధం ముగిశాక బ్యారక్‌లను తొలగించారు. దీన్ని విప్పి, దాదాపు 13 కిలోమీటర్ల దూరం తెచ్చి 1816లో మళ్లీ నిలబెట్టారు. డబ్బు తక్కువున్న సంఘానికి తెలివైన బేరమే.

ఆ సంఘం స్వతంత్ర కాల్వినిస్టులది. రక్షణ దేవుని ఏర్పాటు వల్లనే గాని మనిషి ప్రయత్నం వల్ల కాదన్నది వారి విశ్వాసం. బిషప్పు లేడు, సంఘాలన్నిటి మీదా అధికారం చేసే సినడ్ సభ లేదు. కాపరిని పిలుచుకునేదీ పంపించేదీ సంఘమే. ఆ రోజుల్లో దక్షిణ ఇంగ్లండ్‌లో ఈ ధోరణికి పెద్ద పేరు విలియం హంటింగ్టన్. బొగ్గు మోసే కూలీగా బతికి, లండన్‌లో ప్రసంగీకుడయ్యాడు. విశ్వాసికి జీవన నియమం మోషే ధర్మశాస్త్రం కాదు, సువార్తేనని బోధించి తోటి కాల్వినిస్టుల చేత కూడా తిట్లు తిన్నాడు. 1813లో చనిపోతే లూయిస్ పట్టణంలోని జైరా చాపెల్ దగ్గర పాతిపెట్టారు. ఆ ప్రాంతంలో ఇలాంటి సంఘాలు చాలానే పుట్టాయి. ఒకదానిపై ఒకదానికి పెత్తనం మాత్రం లేదు.

చట్టం వీరిని సహించింది, షరతులతో. 1689 చట్టం ప్రకారం ఆరాధన స్థలాన్ని అధికారుల దగ్గర నమోదు చేయించాలి. ఆరాధన జరుగుతుండగా తలుపుకు గడియ పెట్టకూడదు. 1812 చట్టం వచ్చాక ఇంటివారు కాక ఇరవై మందికి మించి కూడితేనే నమోదు అవసరమైంది. పెళ్లికి మాత్రం 1837 వరకు ఊరి ఆంగ్లికన్ చర్చికే (ప్యారిష్ చర్చి) వెళ్లాలి. ఆ తర్వాతైనా చాపెల్‌లో పెళ్లి చేయాలంటే, అది తమ ఆరాధన స్థలమేనని ఇరవై మంది గృహస్థులు సంతకం చేయాలి. పల్లెటూరి సంఘానికి ఆ ఇరవై మందిని కూడగట్టడమే కష్టం.

అసలు చిక్కు స్థలం దస్తావేజులో ఉంటుంది. మన దగ్గర దక్షిణ ఇండియా సంఘం (సి.ఎస్.ఐ.) ఆస్తులు ట్రస్ట్ అసోసియేషన్ పేరిట ఉంటాయి. ఇంగ్లండ్‌లోని ఇలాంటి సంఘాల ఆస్తులు కొందరు ధర్మకర్తల సొంత పేర్ల మీద ఉండేవి. ఒక్కొక్కరే పోయి చివరివాడూ మరణిస్తే హక్కు అతని వారసుడికి వెళ్లేది. ఆ వారసుడికి చాపెల్ మొహమే తెలియకపోవచ్చు. కొత్తవారిని చేర్చిన ప్రతిసారీ మళ్లీ దస్తావేజు రాయించాలి, ఖర్చుకు జడిసి వాయిదా వేసేవారు. 1850 చట్టంతో ఊరట దొరికింది: కొత్త ధర్మకర్తలను ఎన్నుకున్న సమావేశం అధ్యక్షుడు సాక్షుల ముందు పత్రంపై సంతకం పెడితే ఆస్తి వారికి సంక్రమిస్తుంది.

సిద్ధాంతం మారితే? వ్యవస్థాపకుల విశ్వాసానికే ఆస్తి చెందుతుందని 1842లో లేడీ హ్యూలీ అనే ఆమె పెట్టిన ధర్మనిధి కేసులో, అప్పటి అత్యున్నత న్యాయస్థానమైన లార్డ్స్ సభ తేల్చింది. త్రిత్వాన్ని ఒప్పుకోని యూనిటేరియన్లు, తమ మందిరాలు పోతాయని హడలిపోయారు. 1844 చట్టం దాన్ని సడలించింది: దస్తావేజు సిద్ధాంతాన్ని నిర్దేశించకపోతే, 25 ఏళ్లుగా అక్కడ సాగిన బోధనే ప్రమాణం. చార్ల్‌వుడ్ లాంటి చోట్ల ఇది చిన్న విషయం కాదు. స్వతంత్రులుగా మొదలైన ఈ మందిరం తర్వాత స్ట్రిక్ట్ బాప్టిస్టులదైంది. ఏర్పాటు సిద్ధాంతంలో ఇద్దరిదీ ఒకే మాట. తేడా బాప్తిస్మం దగ్గర. స్ట్రిక్ట్ బాప్టిస్టులు విశ్వాసం ఒప్పుకున్నవారికే నీళ్లలో ముంచి ఇస్తారు, అలా పొందినవారికే ప్రభురాత్రి భోజనం.

కాపరి లేని ఆదివారాల్లో ఇలాంటి సంఘాల్లో ఒక పెద్ద లేచి పాత ప్రసంగాన్ని పుస్తకంలోంచి చదువుతాడు. అలా చాలా చిన్న సంఘాలు దశాబ్దాలు నెట్టుకొచ్చాయి. కానీ ప్రసంగం చదివితే పైకప్పు కారడం ఆగదు. చెక్క కట్టడంలో ముందు పోయేది అడుగు దూలం: నేల తడి, చూరు నీటి చిందులు కలిసి దాన్ని కుళ్లబెడతాయి. అది కుంగితే నిట్రాళ్లు దిగి, తలుపులు బిగుసుకుంటాయి. గాలాడనివ్వని రంగు పూస్తే లోపలి తడి బయటికి పోక పలక వెనక నుంచి చివికిపోతుంది.

ఈ భవనం గ్రేడ్ 2 స్టార్ సంరక్షిత కట్టడం. ఇంగ్లండ్‌లోని సంరక్షిత కట్టడాల్లో ఆ హోదా దాదాపు 6 శాతానికే ఉంది. ఆంగ్లికన్, కాథలిక్, మెథడిస్టు వంటి పెద్ద సంఘాలు తమ మందిరాల మార్పులకు సొంత అనుమతి వ్యవస్థ నడుపుకొనే మినహాయింపు పొందాయి. ఒంటరి చాపెల్‌కు అది వర్తించదు. దాని స్వరూపాన్ని మార్చే ప్రతి పనికీ స్థానిక ప్రణాళికా అధికారుల అనుమతి కావాలి. ఆరాధన ఆగిపోయిన ఆంగ్లికన్ చర్చిని తీసుకునే ట్రస్టు 1969 నుంచే ఉంది. ఇతర సంఘాల మందిరాల కోసం అలాంటిది 1993లో గాని రాలేదు. చార్ల్‌వుడ్ చాపెల్ ప్రమాదంలో ఉన్న వారసత్వ కట్టడాల జాబితాకెక్కే సరికి, మరమ్మతు బిల్లు పంపడానికి పై కార్యాలయమంటూ ఏదీ లేదు.