రోడ్రిగెజ్ వదులుకోని పేరు

రాసింది, తీసింది, కెమెరా పట్టింది, ఎడిట్ చేసింది, చివరికి సంగీతం ఇచ్చింది కూడా ఒక్కడే అయితే దాన్ని ప్రతిభ అనాలా, పేరు పిచ్చి అనాలా? ఈ వాదన మళ్లీ రాజుకుంది. ఈ పనులన్నీ తానే చేసుకునే హాలీవుడ్ దర్శకుడు రాబర్ట్ రోడ్రిగెజ్‌ను ఎప్పటిలాగే ఉదాహరణగా ముందుకు లాగారు. 1992లో దాదాపు 7 వేల డాలర్లతో ‘ఎల్ మరియాచి’ తీసిన సంగతి అందరికీ తెలిసిందే. నా లెక్కలో ఆయనేమిటో తేలింది 2004లో.

ఫ్రాంక్ మిల్లర్ కామిక్స్ ‘సిన్ సిటీ’ని తెరకెక్కించాలని రోడ్రిగెజ్ పట్టుదల. ‘రోబోకాప్’ సీక్వెల్స్‌కు రాసి హాలీవుడ్ మీద విసిగిపోయిన మిల్లర్ ఒక పట్టాన ఒప్పుకోలేదు. సరే, ముందు వచ్చి చూడు, నచ్చితేనే సినిమా అంటూ రోడ్రిగెజ్ ఆయన్ని టెక్సస్‌లోని ఆస్టిన్ రప్పించాడు. గ్రీన్ స్క్రీన్ ముందు నటులు జోష్ హార్ట్‌నెట్, మార్లీ షెల్టన్‌లతో చిన్న సీన్ తీశాడు. బాల్కనీలో ఒంటరి అమ్మాయి, ఆమెకు సిగరెట్ అందించే అపరిచితుడు. ప్రతి ఫ్రేమూ మిల్లర్ గీసిన బొమ్మే. మిల్లర్ మెత్తబడ్డాడు. సినిమా ఆ సీన్‌తోనే మొదలవుతుంది.

బొమ్మలే స్టోరీబోర్డు అయ్యాయి, వాటిని గీసినవాడు సెట్లో పక్కనే ఉండి తీస్తున్నాడు. అలాంటప్పుడు దర్శకుడిగా తన పేరొక్కటే ఎలా వేసుకుంటానన్నది రోడ్రిగెజ్ మాట. అమెరికా దర్శకుల సంఘం డైరెక్టర్స్ గిల్డ్ కుదరదంది. సినిమాకు ఒక్కరే దర్శకుడు, గిల్డ్ గుర్తించిన జంటలకే మినహాయింపు. దర్శకుడి హక్కులో ఎవరుపడితే వాళ్లు వాటా అడగకుండా ఆ నిబంధన అవసరమే. కానీ ఇక్కడ వాటా ఇస్తానంటున్నది దర్శకుడే! రోడ్రిగెజ్ గిల్డ్‌కు రాజీనామా చేశాడు.

దానికి మూల్యం పెద్దదే. పారామౌంట్‌లో తీయాల్సిన భారీ సినిమా ‘ఎ ప్రిన్సెస్ ఆఫ్ మార్స్’ చేజారింది, ఎందుకంటే గిల్డ్ సభ్యులతోనే సినిమాలు తీయించాలని ఆ స్టూడియోకు గిల్డ్‌తో ఒప్పందం ఉంది. ఆ కథ చివరికి 2012లో డిస్నీ నుంచి ‘జాన్ కార్టర్’గా వచ్చింది.

‘కథ, మాటలు, స్క్రీన్‌ప్లే, దర్శకత్వం’ కార్డు చూస్తూ పెరిగిన మనకు నాలుగు పనులకు ఒకే మనిషి పేరు పడటం కొత్త కాదు. రోడ్రిగెజ్‌ను పేరు పిచ్చోడనేవాళ్లు ఆయన చేసిన పనికి పేరు వేసుకోవడమే చూస్తున్నారు, పక్కవాడు చేసిన పనికి పేరు ఇవ్వడానికి ఏం వదులుకున్నాడో చూడటం లేదు. అదే ‘సిన్ సిటీ’లో ఒక సీన్ తీసిన మరో దర్శకుడు క్వెంటిన్ టరంటినోకు ‘స్పెషల్ గెస్ట్ డైరెక్టర్’ కార్డు పడింది. ఆయన పారితోషికం ఒక్క డాలర్. అంతకుముందు టరంటినో సినిమా ‘కిల్ బిల్’ రెండో భాగానికి రోడ్రిగెజ్ సంగీతం ఇచ్చిందీ ఒక్క డాలర్‌కే. 2014లో వచ్చిన ‘సిన్ సిటీ’ రెండో భాగానికీ దర్శకులుగా రోడ్రిగెజ్, మిల్లర్ ఇద్దరి పేర్లూ ఉన్నాయి.