ఏమీ లేని నీళ్ళలో అంత తిండి ఎక్కడిది?

పగడపు దిబ్బల వీడియో ఏదైనా పెడితే అందరి కళ్ళూ చేపల రంగుల మీదకే పోతాయి, నేనూ అంతే, కానీ ఈసారి చూసేటప్పుడు చేపల్ని వదిలేసి నీళ్ళని చూడండి. గాజులాగా ఉంటాయి, ఎక్కడో దూరంగా ఈదే చేప కూడా స్పష్టంగా కనపడుతుంది. నిజానికి అది ఆకలికి గుర్తు. సముద్రంలో నీళ్ళు అంత తేటగా ఉన్నాయంటే ప్లాంక్టన్, అంటే నీళ్ళలో తేలే కంటికి కనపడనంత చిన్న జీవులు, పెద్దగా లేదన్నమాట, ప్లాంక్టన్ లేదంటే దాన్ని పెంచే నైట్రోజన్, ఫాస్ఫరస్ లాంటి ఎరువు లేదన్నమాట. చేపలు దండిగా పడే సముద్రాల్లో నీళ్ళు పచ్చగా, మసకగా ఉంటాయి. మరి చుట్టూ ఖాళీ సముద్రం ఉన్నచోట మధ్యలో ఒక్క దిబ్బ మీద ఇన్ని నోళ్ళు ఎలా నిండుతున్నాయి? దీన్ని డార్విన్ పారడాక్స్ అంటారు, 1836లో కోకోస్ దీవుల దగ్గర పగడాల్ని చూసి 1842లో వాటిమీద పుస్తకమే రాశాడు కాబట్టి తర్వాతివాళ్ళు ఆయన పేరు పెట్టేశారు.

దీన్ని లెక్కగట్టి చూద్దామని 1954లో యూజీన్ ఓడమ్, హోవర్డ్ ఓడమ్ అనే అన్నదమ్ములు పసిఫిక్‌లో ఎనివెటాక్ అనే పగడపు దీవుల దగ్గరికి వెళ్ళారు. అమెరికా హైడ్రోజన్ బాంబు పేల్చి చూసుకుంది కూడా అక్కడే, ఈ పరిశోధనకి డబ్బులిచ్చింది కూడా వాళ్ళ అణుశక్తి సంస్థే, అదో విచిత్రం. వాళ్ళ ఐడియా భలే సింపుల్: దిబ్బ మీదకి వచ్చే నీళ్ళలో ఆక్సిజన్ ఎంతుంది, దిబ్బ దాటి వెళ్ళే నీళ్ళలో ఎంతుంది, పగలెంత, రాత్రెంత. పగలు పెరిగిందంటే అక్కడేదో ఎండని తిండిగా మారుస్తోంది, రాత్రి తగ్గిందంటే ఆ తిండిని ఎవరో ఖర్చు పెడుతున్నారు. తీరా చూస్తే దిబ్బ భారీగా సంపాదిస్తోంది, దాదాపు సంపాదించినంతా అక్కడే తినేస్తోంది.

ఆ సంపాదనలో పెద్ద వాటా ఎవరిదంటే, పగడం ఒంట్లో కాపురం పెట్టిన నాచుది. పగడం అంటే రాయి కాదు, చాలా జాతుల్లో కొన్ని మిల్లీమీటర్లే ఉండే పాలిప్ అనే మెత్తటి జంతువుల గుంపు, కింద ఉండే సున్నపు గూడు అవి కట్టుకున్నదే. ఆ పాలిప్ కణాల లోపల జూజాంథెల్లే అనే గుండ్రటి గోధుమరంగు నాచు కణాలుంటాయి, ఒక చదరపు సెంటీమీటరు పగడంలో పది లక్షలు, ఒక్కోసారి ఇంకా ఎక్కువే. పగలంతా ఎండలో చక్కెరలు, కొవ్వులు తయారుచేసి, వెలుతురు బాగుంటే అందులో తొంభై శాతం దాకా ఇంటి ఓనరుకే ఇచ్చేస్తాయి. అద్దె మరీ ఎక్కువ అనిపిస్తుంది గానీ ఓనరు కూడా ఊరికే తీసుకోదు. రాత్రి చీకటిపడ్డాక పాలిప్ చిన్న చిన్న చేతులు చాపి అటుగా వచ్చిన ప్లాంక్టన్‌ని కుట్టి పట్టుకుని తింటుంది, తిన్నాక దాని ఒంట్లోంచి వచ్చే అమ్మోనియా బయటికి పోకముందే నాచుకి ఎరువైపోతుంది. ఉత్పత్తిదారు, వినియోగదారు అని స్కూలు పుస్తకంలో రెండు వేరు వేరు బొమ్మలు వేస్తారు కదా, ఇక్కడ రెండూ ఒకే చర్మం కింద ఉన్నాయి. అందుకే నీళ్ళు మామూలు వేసవి వేడికంటే ఒక డిగ్రీ ఎక్కువ వేడెక్కి కొన్ని వారాలు అలాగే ఉంటే ఈ నాచు బయటికి పోయి పగడం తెల్లబడుతుంది. దాన్నే బ్లీచింగ్ అంటున్నాం. అప్పటికి అది చచ్చిపోయినట్టు కాదు, పస్తులున్నట్టు. నాచు త్వరగా తిరిగొస్తే బతుకుతుంది, లేకపోతే లేదు.

ఇక్కడ ఒక సంగతి విడదీసి చెప్పుకోవాలి, చాలామంది కలిపేస్తారు. శక్తి వేరు, ఎరువు వేరు. శక్తి ఒకవైపే వెళ్తుంది, ఒకడు ఇంకొకణ్ణి తిన్న ప్రతిసారీ చాలాభాగం వేడిగా పోతుంది, సుమారుగా పదోవంతే పై మెట్టుకి చేరుతుందని చెప్తారు, పోయిన వేడిని ఎవరూ వెనక్కి తేలేరు. కానీ ఎండ రోజూ ఉచితంగా వస్తుంది కాబట్టి దిబ్బకి ఆ బెంగ లేదు. దాని కొరతంతా నైట్రోజన్, ఫాస్ఫరస్‌లతోనే, వాటిని మాత్రం తిప్పి తిప్పి వాడుకోవచ్చు. కాబట్టి దిబ్బ కిటుకంతా చేతికొచ్చిన పోషకాన్ని వీలైనంతవరకు బయటికి పోనివ్వకపోవడంలోనే ఉంది.

ఉదాహరణకి పగడం ఒంటిమీద కారే జిగురు తీసుకోండి. నాచు ఇచ్చిన చక్కెరలో మంచి భాగం ఇలా జిగురుగా కారిపోతుంది, చూస్తే వేస్ట్ అనిపిస్తుంది. కానీ అది నీళ్ళలో తేలుతూ సాలెగూడులాగా కనపడ్డ ప్రతి నలుసునీ అంటించుకుని బరువెక్కి అడుగున ఇసుకలో పడుతుంది, అక్కడ బాక్టీరియా దాన్ని విరగ్గొట్టి ఎరువు మళ్ళీ నీళ్ళలోకి వదులుతాయి. జిగురులో నీళ్ళలో కరిగిపోయిన భాగం ఉంటుంది చూడండి, దాన్ని చేప తినలేదు, పీత తినలేదు. దాన్ని స్పాంజిలు పీల్చుకుంటాయి, ఒకేచోట అతుక్కుని నీళ్ళు వడకట్టుకు తినే జంతువులివి. దిబ్బ సందుల్లో, చీకటి గుంతల్లో అతుక్కుని ఉండే ఈ స్పాంజిలు అంత తిని కూడా పెద్దగా పెరగవు, ఎందుకా అని చూస్తే, ఒక జాతిలో నీళ్ళు వడకట్టే కణాలు ఐదారు గంటలకోసారి రెట్టింపై, పాతవి పొట్టులాగా రాలిపోతున్నాయి. ఆ పొట్టుని పురుగులు, నత్తలు, పీతలు తింటాయి, వాటిని చేపలు తింటాయి. 2013లో డచ్ శాస్త్రవేత్తలు ఈ దారిని బయటపెట్టి స్పాంజి లూప్ అని పేరు పెట్టారు. నాకైతే మొత్తం దిబ్బలో ఇదే ఎక్కువ నచ్చింది, ఎందుకంటే మనం చూసే ఆహారపు గొలుసు బొమ్మల్లో స్పాంజి దాదాపు కనపడదు.

బొమ్మల్లో కనపడని వాళ్ళు ఇంకొందరున్నారు. ఐదు సెంటీమీటర్లు కూడా లేని బుల్లి చేపలు, రాళ్ళ సందుల్లో దాక్కుని ఉంటాయి, డైవర్లు కూడా పట్టించుకోరు. వాటిలో ఒక గోబీ జాతి మొత్తం ఆయుష్షు మహా అయితే 59 రోజులు, వెన్నెముక ఉన్న జంతువుల్లో ఇంత తక్కువ ఆయుష్షు ఇంకోదానికి రికార్డు కాలేదు. దిబ్బ మీద చేపలు తినే చేపమాంసంలో దాదాపు అరవై శాతం ఈ బుల్లి చేపలదేనని 2019లో తేలింది. ఎప్పుడు లెక్కపెట్టినా కొన్నే కనపడతాయి, కానీ పుడుతూ తినబడుతూ పుడుతూ ఉంటాయి కాబట్టి నిల్వ తక్కువ, టర్నోవర్ ఎక్కువ.

కొన్ని చేపలైతే బయటినుంచి ఎరువు మోసుకొస్తాయి కూడా. గ్రంట్ అనే చేపలు రాత్రిపూట సముద్రపు గడ్డి మైదానాలకెళ్ళి కడుపునిండా తిని, పగలు పగడం కొమ్మల మధ్య విశ్రాంతి తీసుకుంటాయి. తిన్నది వదిలేది ఇక్కడే. అలా చేపలు పడుకునే పగడాలు పక్కనున్న వాటికంటే తొందరగా పెరిగాయి.

ఈ గొలుసులో ఒక్క ముక్క తెగితే ఏమవుతుందో కరీబియన్‌లో చూశాం. అక్కడ బయటి నాచుని, అంటే పగడం ఒంట్లోది కాకుండా దిబ్బ మీద మొలిచేదాన్ని, గీకి తినేవి ముఖ్యంగా పారట్ ఫిష్ అనే చేపలు, సీ అర్చిన్ అనే పొడుగు ముళ్ళ గుండ్రటి జంతువులు. చేపల్ని మనుషులు ఎప్పుడో పట్టేశారు, భారం మొత్తం అర్చిన్‌ల మీద పడింది. 1983లో పనామా దగ్గర మొదలైన ఏదో జబ్బుతో ఏడాది తిరిగేసరికి ఆ అర్చిన్‌లలో తొంభై శాతానికి పైగా పోయాయి. 1980లో వచ్చిన తుఫాను దెబ్బ అప్పటికే ఉంది, ఇక జమైకాలో 1977లో 52 శాతం ఉన్న పగడం 1990ల మొదటికి 3 శాతానికి పడిపోయింది, నాచు 4 నుంచి 92 శాతానికి ఎక్కింది. ఎండ అంతే ఉంది, తిండి తయారవుతూనే ఉంది, కానీ దాన్ని తిని పైకి పంపే నోరు లేదు.

ఇక పై మెట్టు. ఫ్రెంచ్ పాలినేషియాలో ఫకరావా అనే చోట ఒక సన్నటి సముద్రపు దారిలో ఆరేడు వందల గ్రే రీఫ్ సొరచేపలు ఉంటాయి, వాటికి సరిపడా చేపలు మాత్రం అక్కడ లేవు. పదోవంతు లెక్కన ఇది కుదరనే కుదరదు, కింద తిండి ఎక్కువ, పైన తినేవాళ్ళు తక్కువ ఉండాల్సిన ఆహారపు పిరమిడ్ తలకిందులైనట్టే కనపడుతుంది. సంగతేంటంటే ఏటా జూన్, జూలై పున్నమి రోజులకి గుడ్లు పెట్టడానికి సుమారు పదిహేడు వేల గ్రూపర్ చేపలు అదే దారిలోకి చేరతాయి, చుట్టుపక్కల ఎన్నో దిబ్బల మీద తిని పెంచుకున్న ఒళ్ళు వేసుకుని. పిరమిడ్ కింది భాగం ఆ దిబ్బలన్నిటి మీదా పరుచుకుని ఉంది, మనం ఈ దారి ఒక్కటే కొలిచి ఆశ్చర్యపోయాం. సొరచేపలు రాత్రిళ్ళు గుంపులుగా దిగి వాటిని వేటాడతాయి. గుడ్లు పెట్టడం అయిపోయాక, మిగిలిన గ్రూపర్‌లు దేని దిబ్బకి అది వెళ్ళిపోతుంది.