బేకరీ అరల్లోని ఆకారాలు: వాటి వెనుక ఉన్న అవసరాలు

అనంతపురం టవర్ క్లాక్ పరిసరాల్లోని బేకరీల అద్దాల అరల్లో చదరపు బ్రెడ్డు, గుండ్రటి బన్ను, చిల్లుల ఉప్పు బిస్కెట్టు, ముక్కోణపు దిల్‌పసంద్ పక్కపక్కనే కనిపిస్తాయి. ఈ ఆకారాలను అలంకారాలుగా భావించడం సహజమే గాని, వీటిలో ఎక్కువ భాగం పొయ్యి, పిండి, రవాణా పెట్టిన షరతుల నుంచి పుట్టినవే.

పలుచగా వత్తిన పిండికి వేడి తగిలినప్పుడు అందులోని నీరు ఆవిరై, బయటికి దారి దొరకక పొరను ఉబ్బిస్తుంది. ముందే పొడిచిన చిల్లుల గుండా ఆ ఆవిరి పోవడంతో బిస్కెట్టు చదునుగా, లోపలిదాకా పొడిగా కాలుతుంది. తేమ మిగిలితే బూజు పడుతుంది గనుక, నెలల తరబడి సముద్రంపై గడిపే నావికులకు ఈ పొడిదనమే ఆధారం. 1830వ దశకంలో బ్రిటిష్ నౌకాదళం గాస్పోర్ట్‌లోని తన కర్మాగారంలో థామస్ గ్రాంట్ రూపొందించిన ఆవిరి యంత్రాలను ప్రవేశపెట్టినప్పుడు, అప్పటిదాకా చేత్తో గుండ్రంగా చేస్తూ వచ్చిన బిస్కెట్టు ఆరు మూలలదయింది. గుండ్రంగా కోస్తే మధ్యమధ్య పిండి మిగిలిపోతుంది, దాన్ని మళ్లీ కలిపి వత్తాలి. షడ్భుజాలు సందు లేకుండా ఆనుకోవడం వల్ల ఆ వృథా తప్పింది. ఆకారాన్ని లెక్కే నిర్ణయించిందనడానికి నా దృష్టిలో ఇంతకన్నా స్పష్టమైన ఉదాహరణ లేదు. నేటి చతురస్రపు ఉప్పు బిస్కెట్లదీ అదే లెక్క.

బ్రెడ్డు నలుపలకలుగా రావడానికి మూత ఉన్న రేకు డబ్బా కారణం. యూరప్‌లో ముందే వాడుకలో ఉన్న ఈ డబ్బాకు అమెరికాలో జార్జ్ పుల్మన్ రైలు పెట్టెల పేరు స్థిరపడింది. వాటి ఇరుకు వంటగదుల్లో, పైన ఉబ్బు లేని రొట్టెలను ఖాళీ వదలకుండా పేర్చుకోవచ్చు. 1928 జూలై 7న మిస్సోరీలోని చిల్లికోతీలో ఒట్టో రోవెడర్ రూపొందించిన యంత్రం కోసిన బ్రెడ్డు తొలిసారి అమ్మకానికి వచ్చింది. ఆ తరువాత ఒకే కొలతలో ఉండే రొట్టెకు గిరాకీ మరింత పెరిగింది. మూత వేయకుండా కాల్చే బ్రెడ్డు ఈనాటికీ పైన ఉబ్బుగానే ఉంటుంది.

బన్నుకు డబ్బాతో పని లేదు. ముద్దను అరచేతి కింద తిప్పుతుంటే పైపొర బిగుసుకుని, లోపలి వాయువును పట్టి ఉంచుతుంది.

దిల్‌పసంద్‌కు కొబ్బరి, టూటీ ఫ్రూటీల పూర్ణాన్ని రెండు పెద్ద గుండ్రటి పొరల మధ్య పెట్టి, అంచు మూసి కాల్చి, ఆ తరువాత ముక్కలుగా కోస్తారు. కజ్జికాయల మాదిరిగా ఒక్కొక్కదాని అంచు విడిగా మూసే శ్రమ ఇందులో ఉండదు. నడిమధ్య నుంచి కోయడం వల్ల ప్రతి ముక్కకూ పూర్ణంతోపాటు కాలిన అంచు కూడా సమానంగా అందుతుంది.