లీడ్స్‌లో మనవలకు: ఆ పాత పటంలో రోడ్లు ఎందుకు లేవంటే

చిరంజీవులిద్దరికీ తాతయ్య ఆశీర్వదించి రాసేది.

మీ స్కూలు కారిడార్‌లో గోడకి ఉన్న పాత యార్క్‌షైర్ మ్యాపు ఫోటో మీ అమ్మ పంపింది. "ఇందులో రోడ్లే లేవు, మరి ఊళ్ళకి ఎలా వెళ్ళేవాళ్ళు తాతయ్యా?" అని చిన్నవాడు అడిగాడట. ముప్పై ఏళ్ళు గొలుసు పట్టుకుని పొలాలు కొలిచినవాణ్ణి, ఈ ప్రశ్న అడిగితే నేను రెండు ముక్కల్లో ఎలా వదులుతానురా! కాస్త పెద్ద ఉత్తరమే అవుతుంది, ఆదివారం తీరిగ్గా చదవండి.

అది 1577 నాటి పటం. గీసినవాడు క్రిస్టఫర్ శాక్స్‌టన్, మీ లీడ్స్ పక్కనే డనింగ్లీ అనే చిన్న పల్లెలో పెరిగాడు. డ్యూస్‌బరీ చర్చి గురువు జాన్ రడ్‌కి మ్యాపులంటే ప్రాణం, ఆయన దగ్గర కుర్రవాడిగా పనిచేశాడు. ఆ తర్వాత 1574 నుంచి 1578 లోపల ఇంగ్లండ్, వేల్స్ మొత్తం తిరిగి కౌంటీలన్నిటికీ పటాలు తయారుచేశాడు. కౌంటీ అంటే మన జిల్లా లాంటిదే అనుకోండి. ఆ పటాలన్నీ రాగి రేకుల మీద చెక్కించి 1579లో ఒక పుస్తకంగా అచ్చువేశారు, 34 కౌంటీ పటాలు, ముందు దేశం మొత్తానికి ఒకటి. అయిదేళ్ళలో ఇంత పని! జీపు, జీపీఎస్సు లేని రోజుల్లో! నాకు ఇప్పటికీ ఒళ్ళు జలదరిస్తుంది.

అసలు ఎందుకు గీయించారు? అది తెలిస్తే రోడ్ల సంగతి దానంతటదే తేలుతుంది. అప్పుడు ఇంగ్లండ్‌ను ఏలుతున్నది మొదటి ఎలిజబెత్ రాణి, ఆమె ప్రొటెస్టెంట్. 1569లో మీరున్న ఉత్తరాదిలోనే పెద్ద తిరుగుబాటు లేచింది, పాత కేథలిక్ మతం మళ్ళీ రావాలని జమీందార్లు జనాన్ని లేవదీశారు. మరుసటి ఏడాది పోప్ గారు ఆమెను మతం నుంచి వెలివేసి, ఆమె మాట వినక్కర్లేదని ప్రకటించేశాడు. సముద్రం అవతల స్పెయిన్ భయం ఉండనే ఉంది. ఇంత టెన్షన్‌లో ఉన్న రాణికి విలియం సిసిల్, అంటే లార్డ్ బర్లీ, పెద్ద మంత్రి. ఏ కౌంటీలో ఎవరు బలవంతుడు, ఏ తీరంలో శత్రువు దిగొచ్చు, ఎక్కడ పోర్టు, ఎక్కడ కొండ, ఇవన్నీ లండన్‌లో బల్ల దగ్గర కూర్చునే చూడాలి ఆయనకి. శాక్స్‌టన్ పటాలు ఒక్కొక్కటీ అచ్చు పడుతుండగానే ప్రూఫులు తెప్పించుకుని కుట్టించుకున్నాడు, వాటి మీద తన చేత్తో రాసుకున్నాడు కూడా. ఆ పుస్తకం ఇప్పటికీ లండన్‌లో బ్రిటిష్ లైబ్రరీలో ఉంది. అందులోనే లాంకషైర్‌ది, 1590లో చేయించిన మరో పటం ఉంది, కేథలిక్ పెద్దమనుషుల ఇళ్ళ దగ్గర చిన్న చిన్న శిలువ గుర్తులు పెట్టి. ఒక మనిషి ఏ దేవుణ్ణి ఎలా మొక్కుతాడో చూసి అతని ఇంటి మీద గుర్తు పెట్టడం అంటే ఏమిటో పెద్దది ఆలోచించాలి, దానికి ఆ వయసు వచ్చింది.

ఇప్పుడు మీ ఫోటోలోకి రండి. మూలన రాణిగారి రాజచిహ్నం కనపడుతోందా? సింహం ఉన్నది. ప్రతి పటంలోనూ అది ఉంటుంది. దాంతోపాటు ఇంకో చిన్న చిహ్నం ఉంటుంది, అది డబ్బు పెట్టి ఈ పని నడిపించిన థామస్ సెక్‌ఫర్డ్ అనే రాణిగారి కొలువు ఉద్యోగిది. కొండలు చీమల పుట్టల్లా, అడవులు నాలుగు చెట్ల బొమ్మల్లా ఉంటాయి. అక్కడక్కడా గుండ్రంగా కంచె గీసి ఉంటుంది, అవి రాజులూ జమీందార్లూ వేటాడే జింకల వనాలు. రోడ్లు లేవు గానీ, నదుల మీద వంతెనలు మాత్రం ఉన్నాయి చూడండి! నాకు భలే అనిపిస్తుంది ఆ సంగతి. ఆ ఊరివాడికి దారి తెలుసు, పటం చూసి నడవడు. పటం కావలసింది దూరంగా కూర్చుని ఏలేవాడికి. వాడికి ఊళ్ళు కావాలి, నదులు కావాలి, కంచెలు ఎవరివో కావాలి. దారిన పోయే మామూలు మనిషి కోసం రోడ్లు కొలిచి గీసిన పుస్తకం రావడానికి దాదాపు వందేళ్ళు పట్టింది. జాన్ ఓగిల్బీ అనే ఆయన చక్రం దొర్లించుకుంటూ దేశమంతా రోడ్లు కొలిపించి, 1675లో వంద పలకల్లో పొడవాటి రిబ్బన్ల మాదిరి అచ్చువేశాడు. మధ్యలో 1593లో జాన్ నార్డెన్ మిడిల్‌సెక్స్ పటంలో రోడ్లు పెట్టాడు గానీ, పాపం ఆయనకి సర్కారు డబ్బు సరిగా అందక పని సగంలోనే మిగిలిపోయింది.

నాకు మరీ ఇష్టమైన కాగితం మాత్రం పటం కాదు, ఒక ఉత్తర్వు. 1576లో రాణిగారి మంత్రిమండలి వేల్స్ అధికారులకు పంపినది. శాక్స్‌టన్ వస్తున్నాడు, ఊరు బాగా కనిపించే బురుజో కోటో కొండో ఏదుంటే దాని మీదికి ఎక్కించండి, ఆ ప్రాంతం క్షుణ్ణంగా తెలిసిన ఇద్దరు ముగ్గురు నమ్మకస్తులను తోడివ్వండి, తర్వాతి సంత ఊరుదాకా వెల్ష్, ఇంగ్లీషు రెండూ మాట్లాడగల గుర్రపువాణ్ణి ఇచ్చి పంపండి అని సారాంశం. చదవగానే నాకు నా ఉద్యోగం గుర్తొచ్చింది. ఏ ఊరు కొలవడానికి వెళ్ళినా, తలపాగా చుట్టుకున్న ఒక ముసలాయన వచ్చి "ఇదిగో బాబూ, హద్దు రాయి ఈ తుమ్మ కింద ఉండాలి, తవ్వించు" అనేవాడు, తవ్వితే ఉండేది. నా కొలతల పుస్తకంలో ఆ రాయి ఉంది, ఆయన పేరు లేదు. వేల్స్ కొండల మీద నిలబడి "అదిగో ఆ వాగు పేరు ఇది, ఆ పల్లె పేరు ఇది" అని చెప్పిన ఆ ఇద్దరు ముగ్గురి పేర్లు కూడా శాక్స్‌టన్ పటంలో ఎక్కడా లేవు. వాళ్ళు చెప్పిన పేర్లు మాత్రం నాలుగున్నర వందల ఏళ్ళుగా అక్కడే ఉన్నాయి.

అందరూ ఇలా చెప్పలేదు. ఐర్లండ్‌లో ఇంగ్లీషు సైన్యం కోసం పటాలు గీసిన రిచర్డ్ బార్ట్‌లెట్ తల అక్కడి జనం నరికేశారు. తమ నేల పైవాళ్ళకి బయటపడడం ఇష్టం లేకే చేశారని తర్వాత ఒక ఇంగ్లీషు అధికారి రాశాడు.

అలాగని మ్యాపు అంటే రాణిగారి సొత్తేనని అనుకోకండి. పుస్తకం మొదటి పేజీలో ఆమె సింహాసనం మీద కూర్చుని ఉంటుంది, నిజమే. 1592 ప్రాంతంలో వేసిన ఒక పెద్ద చిత్రంలో అయితే తెల్లటి గౌను వేసుకుని ఏకంగా ఇంగ్లండ్ పటం మీదే నిలబడి ఉంటుంది, పాదాలు ఆక్స్‌ఫర్డ్‌షైర్ మీద. లండన్ వెళ్ళినప్పుడు నేషనల్ పోర్ట్రెయిట్ గ్యాలరీలో నాన్న చూపిస్తాడు, ఎనిమిది అడుగుల ఎత్తు బొమ్మ. కానీ అవే రోజుల్లో రాల్ఫ్ షెల్డన్ అనే జమీందారు, ఆయన కేథలిక్కే, బర్లీ మనుషులు అనుమానంగా చూసే కుటుంబమే, శాక్స్‌టన్ పటాలు తీసుకుని వార్విక్‌షైర్, వూస్టర్‌షైర్, ఆక్స్‌ఫర్డ్‌షైర్, గ్లాస్టర్‌షైర్‌లను నాలుగు పెద్ద తివాచీలుగా నేయించి తన ఇంటి గోడలకి వేలాడదీసుకున్నాడు. తన ఇల్లు కూడా అందులో నేయించాడు. మంత్రికి ఎవరి మీద కన్నేయాలో చెప్పిన పటమే ఈయనకి "ఇది మా సీమ" అని చెప్పింది. 1590లో ఆ పటాలతోనే పేకముక్కలు కూడా వచ్చాయి! ఇంగ్లండ్, వేల్స్ కలిపి 52 కౌంటీలు, పేక 52 ముక్కలు, ముక్కకో కౌంటీ. చిన్నవాడికి ఇది బాగా నచ్చుతుందని తెలుసు.

ఊరి చరిత్రలు రాయడం కూడా అప్పుడే మొదలైంది. విలియం లంబార్డ్ అనే లాయరు 1576లో కెంట్ కౌంటీ ఒక్కదాని గురించే పుస్తకం అచ్చువేశాడు, ఇంగ్లండ్‌లో ఒక కౌంటీకి వచ్చిన మొదటి చరిత్ర అదే. మిగతా చోట్ల తండ్రి భూమి పెద్దకొడుక్కే పోతే, కెంట్‌లో మాత్రం కొడుకులందరికీ సమానంగా పంచేవారు, మనవాళ్ళ వాటాల్లాగే. 1066లో దండెత్తి వచ్చి ఇంగ్లండ్ గెలిచిన విలియం రాజుకి దారిలో అడ్డం నిలబడి మా ఆచారాలు మాకు వదిలెయ్యమని అడిగి సాధించుకున్నామని కెంట్ వాళ్ళు చెప్పుకునే కథ కూడా లంబార్డ్ ఎక్కించాడు. అది జరిగిందా లేదా అన్నదానికన్నా, అంత గట్టి రాణి ఏలుబడిలో ఒక కౌంటీవాళ్ళు ఆ కథ చెప్పుకున్నారన్నదే నాకు ముఖ్యం.

పటమూ కథా ఎంత పని చేస్తాయో రాజులకీ తెలియకపోలేదు. ఎలిజబెత్ తర్వాత స్కాట్లండ్ రాజు జేమ్స్ వచ్చి, రెండు దేశాలనీ కలిపి గ్రేట్ బ్రిటన్ అనాలన్నాడు. పార్లమెంటు ఒప్పుకోలేదు. 1604లో గ్రేట్ బ్రిటన్ రాజునని తానే ప్రకటించుకున్నాడు. 1611 నాటికి జాన్ స్పీడ్, మొదట దర్జీ ఆయన, పాత పటాలు సరిదిద్ది, మూలల్లో పట్టణాల ప్లాన్లు చేర్చి, వెనకవైపు చరిత్ర అచ్చువేసి తెచ్చిన పుస్తకం పేరులో "గ్రేట్ బ్రిటన్ సామ్రాజ్యం" అని పెట్టాడు. చట్టంగా ఆ కలయిక జరిగింది 1707లో. పటం నూరేళ్ళు ముందే కలిపేసింది!

పటమూ ఊరి కథా జంటగా నడిచే ఈ అలవాటు మన దాకా కూడా వచ్చింది. ఈస్టిండియా కంపెనీ వారి సర్వేయర్ కాలిన్ మెకంజీ మన సీమలు కొలుస్తూ ఊరూరా కైఫియత్తులు, అంటే ఊరి చరిత్రలు, రాయించాడు. ఆయనకి తోడు తిరిగింది ఏలూరు వాళ్ళు, కావలి బొర్రయ్య, ఆయన తమ్ముడు లక్ష్మయ్య. మన అదృష్టం, ఆ కొండలెక్కించిన వాళ్ళలో వీళ్ళ పేర్లయినా మిగిలాయి. సెలవులకి వచ్చినప్పుడు ఆ కైఫియత్తుల పుస్తకం తీసి చూపిస్తాను.

ఈలోగా ఒక పని. స్కూల్లో ఆ పటం దగ్గర నిలబడి లీడ్స్ చుట్టుపక్కల కంచె వేసిన జింకల వనాలు ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టండి. వంతెనలు చిన్నవాడు లెక్కపెట్టాలి. పెద్దది నది పేర్లు తెలుగులో రాసి పంపాలి, స్పెల్లింగ్ ఇప్పటిదానికి తేడాగా ఉంటే అది కూడా ఉన్నదున్నట్టు రాయాలి. చలికి స్వెటర్లు వేసుకోండి.

మీ
తాతయ్య