మైన్‌క్రాఫ్ట్‌లో శబ్దం ఎక్కడ ఆగిపోతోంది? పిల్లలకు ఉత్తరం

ప్రియమైన పిల్లలకు,

దిమ్మెలతో ఇళ్లూ ఊళ్లూ కట్టుకునే మైన్‌క్రాఫ్ట్ ఆట ఆడుతుంటే శబ్దం రావడం లేదనీ, వచ్చినా బావిలోంచి వచ్చినట్టు ఉందనీ, స్నేహితుడు మాట్లాడటం మొదలుపెట్టగానే ఆట మూగబోతోందనీ మీలో కొందరు అడిగారు. ఒక్కొక్కరికి విడిగా చెప్పేకంటే అందరికీ కలిపి రాస్తే మేలనిపించింది. ఇది చిన్న విషయమని నేను అనుకోను. ఆ ఆటలో సగం చూపు చెవులదే. గోడ వెనక జాంబీ మూలుగు, గుహలో లావా ఉడుకుతున్న చప్పుడు మీకు ముందే సంగతి చెప్పేస్తాయి. దగ్గరికొచ్చి పేలిపోయే క్రీపర్ అనే జీవి అలా మూలగదు, గొణగదు. దగ్గరికి వచ్చాక ఒక్కసారి బుసకొడుతుంది. ఆ బుసకూ పేలుడుకూ మధ్య ఉండేది ఒకటిన్నర సెకను. అది వినపడకపోతే కట్టుకున్న ఇల్లు పోతుంది.

నేను చాలా ఏళ్లు రేడియోలు బాగుచేశాను. పెట్టె మోగకపోతే కనిపించిన మరనల్లా తిప్పకూడదని ఆ పనిలో మొదటే నేర్పుతారు. శబ్దం పుట్టిన చోటు నుంచి చెవి దాకా ఏ దారిన వస్తుందో తెలుసుకుని, ఎందాకా వచ్చి ఆగిందో పట్టుకోవాలి. మీ కంప్యూటర్‌కూ అదే వర్తిస్తుంది. ఆట శబ్దాన్ని తయారుచేస్తుంది. ఆటలోని స్లైడర్లు దాన్ని పెంచుతాయి, తగ్గిస్తాయి. తర్వాత విండోస్ అందుకుని, ఆ ఆటకు విడిగా ఉంచిన వాల్యూమ్ ప్రకారం మళ్లీ సవరించి, ఏదో ఒక పరికరానికి పంపుతుంది. అక్కడి నుంచి వైరు మీదో బ్లూటూత్ మీదో హెడ్‌ఫోన్లకు చేరుతుంది. మేడ మీది ట్యాంకు నుంచి వంటింటి కుళాయి దాకా నాలుగు వాల్వులు ఉంటే, వాటిలో ఒకటి కట్టేసి ఉన్నా నీళ్లు రావు. మిగిలిన మూడింటిని ఎంత తిప్పినా లాభం ఉండదు.

అందుకని మొదట చేయవలసిన పరీక్ష ఒకటే. ఆటను అలాగే ఉంచి, అదే హెడ్‌ఫోన్లలో ఏదైనా పాట పెట్టండి. పాట వినిపిస్తే హెడ్‌ఫోన్లు, వైరు, పరికరం అన్నీ బాగున్నట్టే. తప్పు ఆటలో ఉంది, లేదా విండోస్ ఆటకు కేటాయించిన వాల్యూమ్‌లో ఉంది. పాట కూడా వినిపించకపోతే ఆట సెట్టింగుల జోలికే పోవద్దు. ఈ ఒక్క పరీక్షతో వెతకవలసిన దారి సగానికి తగ్గిపోతుంది. చాలామంది దీన్ని వదిలేసి, ఆటను తీసేసి మళ్లీ ఎక్కించడంతో మొదలుపెడతారు. గంట పోతుంది, శబ్దం మాత్రం రాదు.

పాట వినిపించి ఆట మాత్రం వినిపించలేదనుకుందాం. ఇక్కడ నేను చెప్పేది కంప్యూటర్ మీద ఆడే జావా ఎడిషన్ గురించి. ఆప్షన్స్‌లో మ్యూజిక్ అండ్ సౌండ్స్ తెరవండి. మాస్టర్ వాల్యూమ్ ఒకటి ఉంటుంది. దాని కింద సంగీతానికి, వాతావరణానికి, దిమ్మెలకు, శత్రుజీవులకు, సాధుజీవులకు, ఆటగాళ్లకు వేర్వేరు స్లైడర్లు ఉంటాయి. ఒక రకం శబ్దమే వినిపించడం లేదంటే దాని స్లైడర్ సున్నా మీద ఉందేమో చూడండి. అక్కడే సబ్‌టైటిల్స్ చూపించే సెట్టింగు కూడా ఉంది. దాన్ని ఆన్ చేస్తే ఏ శబ్దం వస్తోందో తెర మీద అక్షరాల్లో కనిపిస్తుంది. అది ఎటువైపు నుంచి వస్తోందో బాణం గుర్తు చెబుతుంది. వినికిడి తక్కువగా ఉన్న పిల్లలకు ఇది గొప్ప సాయం. మనకు పరీక్షగానూ పనికొస్తుంది. స్లైడర్లన్నీ పైనే ఉండి, జాంబీ అని అక్షరాలు కనిపించి, చెవికి ఏమీ అందకపోతే ఆట తన పని చేసేసిందన్నమాట. ఇక బయట వెతకాలి.

ఆట నడుస్తుండగా హెడ్‌ఫోన్లు పీకి మళ్లీ పెట్టాక శబ్దం పోయిందా? 2021లో వచ్చిన 1.18 వెర్షన్ నుంచి, శబ్దం ఏ పరికరానికి పోవాలో అదే సెట్టింగుల పేజీలో ఎంచుకోవచ్చు. అంతకన్నా పాతదైతే ఎఫ్3, టి మీటలు కలిపి నొక్కి చూడండి. ఆట తన బొమ్మలనూ శబ్దాలనూ మళ్లీ ఎక్కించుకుంటుంది. పాట కూడా వినిపించనివాళ్లు ఇది చూడండి. హెచ్‌డీఎంఐ వైరుతో మానిటర్ తగిలించినప్పుడు స్పీకర్లే లేని ఆ మానిటర్‌కు విండోస్ శబ్దాన్ని పంపేయడం కూడా తరచూ జరిగేదే. గడియారం పక్కనున్న స్పీకర్ గుర్తు దగ్గర సరైన పరికరాన్ని ఎంచుకుంటే చాలు.

తప్పు కానివి కొన్ని ఉన్నాయి. సెట్టింగు మార్చకపోతే మైన్‌క్రాఫ్ట్ సంగీతం ఆగకుండా మోగదు. ఒక పాటకూ ఇంకో పాటకూ మధ్య చాలా నిమిషాల నిశ్శబ్దం ఉంటుంది, కావాలనే అలా పెట్టారు. మామూలు శబ్దాలు 16 దిమ్మెల దూరం దాటితే వినిపించవు. స్నేహితుడు అంతకంటే దూరంలో తవ్వుతుంటే అతని పార చప్పుడు మీకు అందదు. నలుగురూ కలిసి ఆడటానికి చేరే ఒక్క సర్వర్‌లోనే శబ్దాలు వింతగా ఉంటే, ఆ సర్వర్ పంపిన రిసోర్స్ ప్యాక్, అంటే ఆట బొమ్మలనూ శబ్దాలనూ మార్చే ఫైళ్ల మూట, వాటిని మార్చి ఉండవచ్చు. మీ సొంత ప్రపంచం ఒంటరిగా తెరిచి పోల్చి చూడండి.

ఇప్పుడు మీరు ఎక్కువగా అడిగిన సంగతి. జావా ఎడిషన్‌లో మాటలకు సొంత ఏర్పాటు లేదు. అందుకే మీరు డిస్కార్డ్ లాంటి వేరే యాప్‌లో మాట్లాడుకుంటూ ఆడతారు. విండోస్ ఆ మాటలను ఫోన్ కాల్‌గా భావించిందంటే, మీకు స్పష్టంగా వినపడాలని మిగతా శబ్దాలను తనంతట తానే 80 శాతం తగ్గిస్తుంది. మీరు ఏదీ మార్చకపోతే అది అలాగే ఉంటుంది. ఆట చెడిపోయిందని మీరు అనుకునేది ఇందుకే. పాత కంట్రోల్ ప్యానెల్‌లో సౌండ్ విండో తెరిచి, కమ్యూనికేషన్స్ అనే భాగంలో 'డూ నథింగ్' అన్నదాన్ని ఎంచుకోండి. డిస్కార్డ్‌లో కూడా ఇలాంటి తగ్గింపు ఒకటి ఉంది. దాని వాయిస్ సెట్టింగుల్లో అటెన్యుయేషన్ అనే స్లైడర్‌ను సున్నాకు తెచ్చేయండి.

తగ్గడమే కాకుండా, మైకు ఆన్ చేయగానే ఆట మొత్తం పాత టెలిఫోన్‌లో విన్నట్టు మారిపోతే, మీవి బ్లూటూత్ హెడ్‌ఫోన్లు అయి ఉంటాయి. సాధారణ బ్లూటూత్‌లో మంచి స్టీరియో శబ్దం ఒకవైపే ప్రయాణిస్తుంది. మైకు కూడా కావాలంటే అది కాల్స్ కోసం చేసిన వేరే పద్ధతికి మారుతుంది. అందులో కుడి ఎడమల తేడా ఉండదు, సన్నని శబ్దాలు కోసుకుపోతాయి. శత్రువు ఎటు ఉన్నాడో చెవి చెప్పలేదు. దీనికి కొత్త హెడ్‌ఫోన్లు కొననక్కరలేదు. మాట్లాడే యాప్‌లో మైకుగా ల్యాప్‌టాప్ సొంత మైకును ఎంచుకోండి. హెడ్‌ఫోన్లు వినడానికే ఉండిపోతాయి, శబ్దం మళ్లీ నిండుగా వస్తుంది. అయినా ఆటకు నా ఓటు వైరు హెడ్‌ఫోన్లకే. బ్లూటూత్‌లో శబ్దం కొంచెం ఆలస్యంగా చేరుతుంది, క్రీపర్ ఇచ్చే ఒకటిన్నర సెకనులో ఆ కొంచెం కూడా విలువైనదే.

స్నేహితుడి గొంతు ముక్కలుముక్కలుగా వస్తోందంటే వాల్యూమ్ పెంచి ప్రయోజనం లేదు. ఆట శబ్దాలు మీ కంప్యూటర్‌లోనే దాచి ఉంటాయి. ఫలానా చోట ఫలానా శబ్దం మోగించమని సర్వర్ కబురు మాత్రం పంపుతుంది. గొంతు మాత్రం పూర్తిగా ఇంటర్నెట్ మీదే ప్రయాణిస్తుంది. ఆట శుభ్రంగా మోగుతూ గొంతు ఒక్కటే తెగుతుంటే నెట్‌వర్క్‌ను చూడండి, రూటర్‌కు దగ్గరగా జరగండి. రెండూ కలిసి చిటపటమంటుంటే మీ కంప్యూటర్ అలసిపోయింది. శబ్దాన్ని చిన్న చిన్న ముక్కలుగా సిద్ధం చేసి వేళకు అందించడం దాని పని, ఆలస్యమైన చోట ఖాళీ పడి అది చిటపటగా వినిపిస్తుంది. ఆట ఎంత దూరం దాకా గీసి చూపాలో చెప్పే రెండర్ డిస్టెన్స్ తగ్గించండి, వెనకాల తెరిచి ఉంచిన ప్రోగ్రాములు మూసేయండి. మీ మాట మీకే తిరిగి వినిపిస్తుంటే తప్పు సాధారణంగా మీది కాదు. అవతలి వాళ్లు స్పీకర్లు పెట్టుకున్నారు, వాళ్ల మైకు మీ గొంతును పట్టి వెనక్కి పంపుతోంది. హెడ్‌ఫోన్లు పెట్టుకోమని వాళ్లతో మర్యాదగా చెప్పండి.

వైరు హెడ్‌ఫోన్లలో సంగీతం వినిపిస్తూ గొంతులు మాయమైతే పిన్ను పూర్తిగా దిగలేదేమో చూడండి. ఫోన్ మీద ఆడేవాళ్లు ఆట తెరిచాకే వాల్యూమ్ మీట నొక్కాలి. రింగుకూ మీడియాకూ వాల్యూమ్‌లు వేరు. ఐఫోన్‌లో కొన్ని ఆటలు సైలెంట్ స్విచ్ వేస్తే మూగబోతాయి.

ఏది మార్చినా ఒక్కసారికి ఒక్కటే మార్చండి, పాత విలువ కాగితం మీద రాసిపెట్టుకోండి. శబ్దం సన్నగా ఉందని అన్నిటినీ చివరికంటా పెంచేయకండి. ఎక్కడో ఉన్న అసలు తప్పు సర్దుకున్న మరుక్షణం పిడుగు శబ్దం పూర్తి బలంతో చెవిలో పడుతుంది. పిల్లల చెవులకు 75 డెసిబెల్స్ మోతను వారానికి 40 గంటలకు మించనివ్వవద్దని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. మోత 3 డెసిబెల్స్ పెరిగిన ప్రతిసారీ ఆ సమయం సగానికి పడిపోతుంది. కాబట్టి మాస్టర్ వాల్యూమ్‌ను మధ్యలో ఉంచి, వాతావరణాన్నీ సంగీతాన్నీ బాగా తగ్గించి, శత్రుజీవుల స్లైడర్‌ను మాత్రం పైన ఉంచండి. తక్కువ మోతలోనే కావలసినది వినిపిస్తుంది. ఆట ముగించాక చెవిలో గుయ్యిమని మోగుతుంటే దాచకుండా ఇంట్లో పెద్దవాళ్లకు వెంటనే చెప్పండి.

ఇవన్నీ చూసినా దారికి రాకపోతే నాకు రాయండి. అప్పుడు 'సౌండు రావడం లేదు' అని ఒక్క మాటతో సరిపెట్టకండి. పాట పెడితే వినిపించిందా, ఏ రకం శబ్దం పోయింది, వైరా బ్లూటూతా, మాట్లాడే యాప్ మూసేస్తే ఏమైంది, ఎప్పటి నుంచి ఇలా ఉంది, ఆ ముందు రోజు కొత్తగా ఏం ఎక్కించారు అనేవి రాయండి. తప్పు ఏ మలుపులో ఉందో ఉత్తరం చదువుతూనే చెప్పగలను.

ఆశీస్సులతో,
మీ తాతయ్య