తొలి ఫ్రెంచి మూకీల్లో పెళ్లి: నవ్వుల వెనక చట్టం, కట్నం

1895 డిసెంబరు 28న పారిస్ గ్రాండ్ కెఫేలో లూమియేర్ సోదరులు టిక్కెట్టు పెట్టి చూపిన చిత్రాల్లో ఏదీ నిమిషానికి మించి నడవదు. అంత నిడివిలో ఇద్దరు మనసుపడి పెళ్లిదాకా వచ్చిన కథ ఇమడదు కాబట్టి, తొలి నిర్మాతలు ప్రేక్షకులకు ముందే తెలిసిన ఘట్టాన్ని ఒకదాన్ని ఎంచుకునేవారు. 1896లో యూజెన్ పిరూ నిర్మించిన ‘లె కూషె ద లా మారియే’ (నవవధువు పడక)లో నవవధువు ఒక్కొక్క వస్త్రమే విప్పుతుంటే, వరుడు అడ్డుతెర వెనక పత్రిక పట్టుకుని కూర్చుని మధ్యమధ్య తొంగిచూస్తుంటాడు. పెళ్లి ఇక్కడ వట్టి సాకు.

అసలు పెళ్లిళ్లు ఇంత తేలికగా సాగేవి కావు. ఫ్రాన్సులో 1804 నాటి పౌరస్మృతి భార్య భర్తకు లోబడి ఉండాలని శాసించింది; 25 ఏళ్లలోపు కొడుకు, 21 ఏళ్లలోపు కూతురు పెద్దల సమ్మతి లేనిదే పెళ్లాడరాదంది. ఆస్తిపరుల ఇళ్లలో కట్నం ఒప్పందాలు నోటరీ ఎదుట రాయించేవారు. 1816లో రద్దయిన విడాకుల హక్కు 1884లో గానీ తిరిగి రాలేదు.

ఈ కట్నం వేటను ముందుగా వెక్కిరించింది అమెరికన్లు. 1904లో అమెరికా సంస్థ బయోగ్రాఫ్ తీసిన ‘పర్సనల్’లో ఒక ఫ్రెంచి యువకుడు ధనవంతురాలైన అమెరికా పిల్ల కావాలని పత్రికలో ప్రకటన ఇచ్చి, వెంటబడిన ఆడవాళ్ల నుంచి పరుగు లంకించుకుంటాడు. మరుసటి ఏడాదే ఫ్రెంచి సంస్థ పాథే అదే ఇతివృత్తంతో ‘దీ ఫామ్ పూర్ అన్ మారీ’ (ఒక మొగుడికి పదిమంది ఆడవాళ్లు) తీసింది. వెక్కిరింపు తమమీదే అయినా కాసులు కురిపించే కథను వదులుకోలేదన్నమాట.

వీటన్నిటికంటే పదునైనది 1906లో ఫ్రెంచి సంస్థ గోమాఁకు దర్శకురాలు ఆలిస్ గీ తీసిన ‘లె రెజుల్తా ద్యు ఫెమినిజ్మ్’ (స్త్రీవాద ఫలితాలు). అందులో మగవాళ్లు బట్టలు కుడుతూ, ఇస్త్రీ చేస్తూ, పిల్లల్ని సాకుతుంటే, ఆడవాళ్లు కెఫేలో తాగుతూ పొగ వదులుతుంటారు. పార్కు బెంచీ మీద సిగ్గుపడుతున్న కుర్రవాణ్ణి లొంగదీసుకునేది స్త్రీయే. చివరకు మగవాళ్లు తిరగబడి కెఫేను మళ్లీ చేజిక్కించుకుంటారు. ఈ ముగింపు స్త్రీవాదాన్ని ఎగతాళి చేస్తోందని కొందరంటారు గానీ, అంతసేపూ తెరమీద మగవాడు పడిన అగచాట్లు నిజజీవితంలో ఆడవాళ్లవేనని గమనిస్తే ఆ వాదన నిలవదు. వివాహిత సంపాదన మీద ఆమెకే అజమాయిషీ ఇచ్చిన చట్టం 1907 జూలైలో వచ్చింది. అదే ఏడాది ఆలిస్ గీ పెళ్లి చేసుకుని, గోమాఁ వదిలి అమెరికా వెళ్లిపోయింది.

పాథే అదే 1907లో చిత్రాలను అమ్మడం మాని అద్దెకివ్వడానికి పూనుకోవడంతో, సంతల్లో ఆడే బొమ్మ క్రమంగా స్థిరమైన హాళ్లకు, కుటుంబ ప్రేక్షకులకు చేరింది. పడకగది కొంటెతనం స్థానంలో పట్టు టోపీ, చేతికర్రతో హాస్యనటుడు మాక్స్ లాండేర్ వచ్చాడు. ‘మాక్స్ ఎ లా దొక్తొరెస్’ (మాక్స్, డాక్టరమ్మ)లో అతను తనకు వైద్యం చేసిన డాక్టరమ్మనే పెళ్లాడి, ఆమె దగ్గరకు వచ్చే మగ రోగులను చూసి ఓర్వలేక, అందరినీ బయటకు తరిమేస్తాడు.