ఆస్పిరిన్ సీసా మీద ఒక చీటీ

జ్వరం దిగింది, ఆటలమ్మ పొక్కులు మానుతున్నాయి, గండం గడిచిందని ఇంట్లోవాళ్లు అనుకునే వేళకు పిల్లవాడికి వాంతులు మొదలవుతాయి. గుక్కెడు నీళ్లు కూడా కడుపులో నిలవవు. చూస్తుండగానే తీరు మారుతుంది: ఊరికే చిరాకు పడతాడు, అరుస్తాడు, అమ్మనే పోల్చుకోలేడు. తర్వాత మగత, మూర్ఛ, కోమా. ఈ అరుదైన జబ్బు పేరు రేయ్ సిండ్రోమ్.

సిడ్నీలోని పిల్లల ఆసుపత్రిలో పేథాలజిస్టుగా (శవపరీక్షలు, కణజాల పరీక్షలు చేసే వైద్యుడిగా) పనిచేసిన డగ్లస్ రేయ్, 1951 నుంచి అక్కడికి వచ్చిన ఇలాంటి పిల్లల వివరాలు కూడబెట్టి, సహచరులతో కలిసి 1963లో లాన్సెట్ వైద్య పత్రికలో ప్రచురించారు. మొత్తం 21 మంది. వారిలో 17 మంది చనిపోయారు. శవపరీక్షలో మెదడు వాచి ఉంది. ముదురు ఎరుపు రంగులో ఉండాల్సిన కాలేయం కొవ్వు పట్టి పసుపుపచ్చగా కనిపించింది. విచిత్రమేమిటంటే, కాలేయం ఇంత చెడినా ఈ జబ్బులో సాధారణంగా కామెర్లు రావు. అందుకే మెదడువాపు వ్యాధిగా పొరబడటం తేలిక.

అసలు దెబ్బ తగిలేది కణాలకు శక్తినిచ్చే మైటోకాండ్రియాకు. అవి పడకేస్తే కొవ్వు ఖర్చు కాక కాలేయంలో పేరుకుంటుంది, రక్తంలో చక్కెర పడిపోతుంది. ప్రోటీన్ల నుంచి పుట్టే అమ్మోనియాను యూరియాగా మార్చే పని కూడా కుంటుపడుతుంది. ఆ అమ్మోనియా మెదడుకు చేరి వాపు తెస్తుంది. ప్రాణం తీసేది ఎక్కువగా ఈ వాపే. నేరుగా నయం చేసే మందు లేదు. గ్లూకోజు ఎక్కిస్తూ, అమ్మోనియానూ మెదడులో ఒత్తిడినీ తగ్గిస్తూ కాపాడుకోవాలి.

ఫ్లూ, ఆటలమ్మ వచ్చిన పిల్లలందరికీ ఇది ఎందుకు రాదు? 1980లో అమెరికాలోని అరిజోనా నుంచి కారెన్ స్టార్కో బృందం ఒక చిన్న అధ్యయనం ప్రచురించింది. రేయ్ సిండ్రోమ్ వచ్చిన ఏడుగురినీ, అలాంటి జ్వరమే వచ్చి మామూలుగా కోలుకున్న 16 మందినీ పోల్చి చూశారు. ఏడుగురూ ఆస్పిరిన్ వేసుకున్నవారే. రెండో గుంపులో సగం మందే వేసుకున్నారు. ఈ కాస్త లెక్కతో ఏం తేలుతుందని ఆస్పిరిన్ కంపెనీలు అడ్డం తిరిగాయి. తర్వాతి అధ్యయనాలూ అదే మాట చెప్పాయి. అయినా 1982లో అమెరికా ప్రభుత్వ వైద్యాధికారి హెచ్చరించిన విషయం మందు సీసాల మీదికి ఎక్కడానికి 1986 వరకు పట్టింది. ఆ నాలుగేళ్ల జాప్యాన్ని సమర్థించడం నాకైతే కష్టం. 1979-80లో అమెరికాలో 555 కేసులు నమోదయ్యాయి. 1994-97 మధ్య ఏ ఏడాదీ రెండు దాటలేదు. ఆస్పిరిన్ చేసే హాని పూర్తిగా అర్థం కాకముందే జబ్బు దాదాపు కనుమరుగైంది.

మన ఇళ్లలోనూ పెద్దల తలనొప్పికో గుండెకో తెచ్చుకున్న ఆస్పిరిన్ ఉంటుంది. పిల్లల జ్వరానికి దాని జోలికి పోకూడదు. డాక్టరు చెప్పిన మోతాదులో పారాసెటమాల్ చాలు. కవాసాకి వ్యాధి (పిల్లల్లో రక్తనాళాలు వాచే జబ్బు) వంటి కొన్నింటికి మాత్రం డాక్టర్లే పిల్లలకు ఆస్పిరిన్ ఇస్తారు, దాన్ని సొంతంగా ఆపకూడదు. ఇలాంటి లక్షణాలతో పిల్లలు వస్తే వైద్యులు ఇప్పుడు పుట్టుకతో వచ్చే జీవక్రియ లోపాల (ఆహారాన్ని శక్తిగా మార్చుకోవడంలో తేడాల) కోసం కూడా వెతుకుతారు. పాత రోజుల్లో రేయ్ సిండ్రోమ్ అని రాసిపెట్టిన కేసుల్లో కొన్ని నిజానికి అవేనని తర్వాత బయటపడింది.